అనుకుందాం

సాహిత్య పత్రికలో లెక్కల గోల ఏమిటని కొందరు పాఠకులు మొహం చిట్లించవచ్చు. కథకూ కవితకూ నడుమ నాలుగు పుటలు లెక్కలకు వదిలితే సాహిత్యానికి వచ్చే లోటేమీ లేదని నా నమ్మకం. పైగా నేను చెప్పబోయేది లెక్కలన్నిటిలోకీ కథకు బాగా దగ్గరి చుట్టం. అది ‘అనుకుందాం’ అనే మాటతో మొదలవుతుంది. అనగనగా ఒక రాజు ఉన్నాడనుకుందాం అన్నట్టే.

దాని పేరు అనిర్ణీత గుణకాల పద్ధతి. పేరు చూసి జడుసుకోనక్కర్లేదు. గుణకం అంటే ఒక రాశి ముందు నిలబడి అది ఎన్ని రెట్లో చెప్పే సంఖ్య. అనిర్ణీతం అంటే ఇంకా తేలనిది. తేలని సంఖ్యలను తేలనివిగానే రాసుకుని పని మొదలుపెట్టడం, పని మధ్యలో వాటంతటవే తేలేట్టు చూడటం – ఇంతే సంగతి. హొసూరు చుట్టుపక్కల కళాశాలల్లో ముప్ఫై రెండేళ్ళపాటు దీన్ని ఏటా ఇంగ్లీషులో చెప్పాను. తెలుగులో మాత్రం 2023లో, పదవీ విరమణ అయి చాలా ఏళ్ళు గడిచాక, మా ఇంటి వసారాలో మొదటిసారి చెప్పాను. ఈ వ్యాసం ఆ చెప్పడం గురించే.

ముందు అవకలన సమీకరణం అంటే ఏమిటో రెండు మాటలు. పొగలు కక్కే కాఫీ లోటాలో పోసి పెట్టారు. అది చల్లారుతుంది. మొదట గబగబా, తర్వాత నెమ్మదిగా. ఎందుకంటే గది వేడికన్నా కాఫీ వేడి ఎంత ఎక్కువుంటే అది అంత వేగంగా చల్లారుతుంది. ఇది న్యూటన్ చెప్పిన మాట. ఇక్కడ కాఫీ వేడి ఎంతో మనకు ఎవరూ చెప్పలేదు. వేడికీ, వేడి మారే వేగానికీ మధ్య ఉన్న ఒడంబడిక మాత్రం చెప్పారు. ఆ ఒడంబడికే అవకలన సమీకరణం. దాన్ని సాధించడమంటే ఒక సంఖ్యను కనుక్కోవడం కాదు. ఏ నిమిషానికి వేడి ఎంతో చెప్పే నడత మొత్తాన్ని కనుక్కోవడం.

ఇక వసారా సంగతి. ఆ అమ్మాయి తండ్రి మా ఊరికి ఆనుకుని ఉన్న గులాబీ తోటలో పనిచేస్తాడు. పదో తరగతి దాకా తెలుగు మాధ్యమం, ఆపైన రెండేళ్ళు ఇంగ్లీషు, ఆ తర్వాత ఇంజినీరింగు. భాషా పాఠం తమిళంలో. 2006లో వచ్చిన చట్టం ప్రకారం తమిళం ఒకటో తరగతిలో మొదలై ఏటా ఒక్కో మెట్టు ఎక్కుతూ 2015–16కి పదో తరగతిని చేరింది. మైనారిటీ పిల్లలకు న్యాయస్థానాలు మినహాయింపు ఇచ్చిన ఏళ్ళూ ఉన్నాయి. ఈ పిల్ల మాత్రం మినహాయింపు జోలికి పోకుండా తమిళం చక్కగా నేర్చుకుంది. వీధిలో కన్నడం ఎటూ ఉంది. ఆమెకు అడ్డొచ్చినవి ఈ భాషలేవీ కావు. లెక్కల పేపరు ఒకటి రెండుసార్లు తప్పింది. మన పిల్లల భాషలో ‘అరియర్’. బెంగుళూరు కంపెనీ ఒకటి ఉద్యోగం ఇస్తానంది గాని అరియర్లు లేకుండా వస్తేనే అంది. తోటలో పనిచేసే ఆ తండ్రికి ఆ జీతం ఎంతటిదో నేను విడమరచనక్కర్లేదు.

మొదటిరోజు ఒక లెక్క ఇచ్చి చెయ్యమన్నాను. చకచకా రాసింది. మన దేశంలో ఎక్కువ పాఠ్యపుస్తకాల్లో ఉండే తీరే అది. అవకలనాన్ని ఒక అక్షరంగా రాసి, దాన్ని భిన్నంలో కిందికి తోసి, కుడివైపు ఉన్నదాన్ని బట్టి ఒక సూత్రం వాడటం. సూత్రాలు అరడజను. కింద సున్నా వస్తే? “పైన ఎక్స్ రాసి కింద డిఫరెన్షియేట్ చెయ్యల్ల సార్” అంది.

“ఎందుకు?”

“అట్ల చెయ్యమని ఉంది సార్.”

ఆ సూత్రాలు తప్పు కావు. చేయి తిరిగినవాడికి అవి దగ్గరి దారి. కాని ఊరు తెలియనివాడికి సందులు చూపిస్తే ఎక్కడ తేలతాడు? పరీక్షలో ఒక సూత్రం జ్ఞాపకం రాలేదంటే మిగతాదంతా తెల్లకాగితమే. ఆమెకు రెండుసార్లూ జరిగింది అదే.

కాబట్టి సూత్రాలన్నీ పక్కన పెట్టించాను. తెలుగులోనే మాట్లాడదామన్నాను. అక్షరాలు కూడా మనవే పెట్టుకుందామన్నాను. మారే రాశి ‘య’. కాలం ‘క’. య మారే వేగం య′. ఆ వేగం మారే వేగం య″. తేలని సంఖ్యలకు ఏ పేర్లు? భాస్కరుడి కాలపు గణితజ్ఞులు తెలియని రాశులకు రంగుల పేర్లు పెట్టేవాళ్ళు. మొదటిది యావత్తావత్, ఆ తర్వాత కాలకం అంటే నలుపు, నీలకం అంటే నీలం, పీతకం అంటే పసుపు. పేరులో మొదటి అక్షరం రాసుకుంటే చాలు. అందుకని మా గుణకాలకు నీ, పీ అని పెట్టాను.

“నీ అంటే నాదా సార్?” అంది. ఆ పూట మొదటిసారి నవ్వింది.

లెక్క ఇది: య″ + 3య′ + 2య = 4క. వేగపు వేగమూ, మూడు వేగాలూ, రెండు తానులూ కలిపితే కాలానికి నాలుగు రెట్లు కావాలి. కుడివైపు ఉన్నది కాలానికి మొదటి ఘాతం, తిన్నని గీత. తిన్నని గీత రావాలంటే య కూడా తిన్నని గీతే కావచ్చు. ఏ గీతో తెలియదు. అనుకుందాం: య = నీ·క + పీ. అప్పుడు వేగం నీ. వేగపు వేగం సున్నా. తెచ్చి సమీకరణంలో పెడితే 3నీ + 2నీ·క + 2పీ = 4క. కాలం ఉన్న ముక్కలు రెండువైపులా సరిపోవాలి గనుక నీ = 2. కాలం లేని ముక్కలు కుడివైపు ఏమీ లేవు గనుక 6 + 2పీ = 0, అంటే పీ = –3. య = 2క – 3. అయిపోయింది.

ఆమె కాగితం వైపు చాలాసేపు చూసింది. “ఇది మోసం కదా సార్? జవాబు మొదలే అనుకునేసినాక ఇంక చేసేది ఏముంది?”

ముప్ఫై రెండేళ్ళలో ఇంగ్లీషులో ఈ ప్రశ్న నన్ను ఒక్కరూ అడగలేదు. వాళ్ళకు రాలేదని కాదు. ‘మోసం’ అనే మాట నోట రావడానికి సొంత భాష కావాలి కాబోలు.

మోసం కాదు. దర్జీ దగ్గరికి పోయి చొక్కా కావాలంటాం. అతను చొక్కా అని ముందే అనుకున్నాడు. చొక్కాకు రెండు చేతులు, ఒక మెడ ఉంటాయని అతనికి తెలుసు. పుస్తకంలో చేతికి ఒక గడి, మెడకు ఒక గడి గీసుకుని అంకెలు ఖాళీగా పెట్టుకున్నాడు. మన ఒంటికి టేపు పెట్టాకనే ఆ గడులు నిండుతాయి. ఆకారం ఊహ, కొలత నిజం. సమీకరణంలో తెచ్చి పెట్టడమే టేపు పెట్టడం. తప్పు ఆకారం ఊహించామంటే టేపు వెంటనే చెప్పేస్తుంది. పీ వదిలేసి ఉత్త నీ·క అనుకుని చూడమన్నాను. 3నీ + 2నీ·క = 4క అని వచ్చింది. నీ ఒకచోట రెండు కావాలి, ఇంకొకచోట సున్నా కావాలి. “రెండు నాలుకలు సార్ దీనికి” అంది. అందుకే ఊహకు భయపడక్కర్లేదు. పరీక్షకు నిలిచిన ఊహ ఏ దారిన వచ్చిందని సమీకరణం అడగదు. మొదలుపెట్టిన చోటూ అప్పటి వేగమూ ఇచ్చేస్తే ఇలాంటి సమీకరణానికి ఉండే సాధన ఒక్కటే. రుజువైన సిద్ధాంతం అది. కలలో కనిపించినా, గోడమీద రాసి ఉన్నా, దొరికిందంటే అదే.

ఈ తీరు మనకు పాతదే. 1150 నాటి లీలావతిలో భాస్కరాచార్యుడు ఇష్టకర్మ అని ఒక పద్ధతి చెప్పాడు. ఇష్టం వచ్చిన సంఖ్య ఒకటి అనుకో, లెక్క చెప్పినట్టల్లా చెయ్యి, వచ్చినదాన్ని బట్టి సవరించు. ఒక సంఖ్యకు దానిలో సగమూ మూడోవంతూ కలిపితే 66 అనుకుందాం. ఆ సంఖ్య 6 అనుకుని చూడండి. 6, 3, 2 కలిపితే 11. కావలసింది 66, అంటే ఆరు రెట్లు. కాబట్టి మన 6కు ఆరు రెట్లు, 36. తప్పు సంఖ్యతో మొదలై ఒప్పు సంఖ్యకు చేరాం. రెండు పద్ధతుల కిందా ఉన్న పునాది ఒకటే: లోపలికి పోయేది రెట్టింపైతే బయటికి వచ్చేదీ రెట్టింపే, రెండు కలిపి పంపితే రెండూ కలిసే వస్తాయి. దీన్నే రేఖీయత అంటారు. ఈ గుణం లేని సమీకరణాల దగ్గర మన పద్ధతి పనిచెయ్యదు.

(భాస్కరుడి ప్రస్తావన వచ్చింది గనుక ఒక మాట. తెలుగులో గణితానికి తొలి గ్రంథంగా చెప్పుకునే పావులూరి మల్లన సారసంగ్రహ గణితానికి మూలం మహావీరాచార్యుడి సంస్కృత గ్రంథం. ఆయన తొమ్మిదో శతాబ్దంలో, రాష్ట్రకూట అమోఘవర్షుడి ఏలుబడిలో, కన్నడ దేశంలో ఉన్నవాడు. ఆ సంస్కృత గ్రంథాన్ని 1912లో అచ్చు వేయించింది మద్రాసులో రంగాచార్యులు. సరిహద్దులు దాటకుండా లెక్కలు ఎప్పుడు పెరిగాయి?)

రెండోవారం కుడివైపు సైన్ వచ్చింది. ఉత్త సైన్ అనుకుని మొదలుపెట్టి మళ్ళీ రెండు నాలుకల దగ్గర ఆగింది. సైన్‌ను అవకలనం చేస్తే కాస్ వస్తుంది, కాస్‌ను చేస్తే ఋణ సైన్ వస్తుంది. పెళ్ళికి అన్నను పిలిచి తమ్ముణ్ణి పిలవకపోతే జరిగే రభస మన ఇళ్ళల్లో అందరూ చూసిందే. ఒకరికి శుభలేఖ ఇస్తే ఆ గడపలో అందరికీ ఇవ్వాలి. ఒక ప్రమేయాన్ని ఊహలో చేరిస్తే, దాన్ని అవకలనం చేస్తూ పోతే ఎవరెవరు బయటికి వస్తారో అందరినీ చేర్చాలి. ఘాతాలు, ఘాతీయ ప్రమేయాలు, సైన్ కాస్‌లు, వీటి గుణకారాలు – ఇవి చిన్న కుటుంబాలు, పందిట్లో పడతాయి. టాన్, లఘుగణకం లాంటివి ఉన్నాయి. వాటిని కదిపితే ప్రతిసారీ కొత్త చుట్టం దిగుతాడు, ఆ వరుసకు అంతం లేదు. వాటికి ఈ పద్ధతి చాలదు. లగ్రాంజ్ చెప్పిన పరామితుల విచరణ పద్ధతికి పోవాలి. దానికి చాకిరీ ఎక్కువ.

మరి సాధన ఒక్కటేనా? కాదు. య″ + 3య′ + 2య = 0 అయ్యే నడతలు వేరే ఉంటాయి. బయటినుంచి ఏ ఒత్తిడీ లేనప్పుడు ఆ వస్తువు తనంతట తాను ప్రవర్తించే తీరు అది. దాన్ని పూరక ప్రమేయం అంటారు. మనం ఊహించి పట్టుకున్న 2క – 3కి దాన్ని కలిపితే పూర్తి సాధన. మొదట ఎక్కడున్నాం, ఎంత వేగంతో ఉన్నాం అన్న గుర్తులన్నీ ఆ పూరక భాగంలోనే ఉంటాయి. ఈ లెక్కలో అది కాలంతోపాటు కరిగిపోతుంది. ఎక్కడ మొదలైనా కొంతసేపటికి అందరూ 2క – 3 గీత పక్కకే వచ్చి నడుస్తారు. గీసి చూపించాను.

“అంటే ఏడ పుట్టినా కడాన అందరూ బయట ఉండేదాని మాదిరే అయిపోతారా సార్?”

లెక్క గురించే అడిగిందో ఇంకేదైనానో నేను అడగలేదు. “రాపిడి ఉంటే అవుతారమ్మా. మధ్యలో ఆ 3య′ ఉంది చూడు, అది రాపిడి. అది తీసేస్తే సొంత ఊపు ఎన్నటికీ పోదు” అన్నాను. ఆమె ఆ ముక్కను చెరిపేసి మిగిలిన సమీకరణాన్ని మళ్ళీ రాసుకుంది.

అక్కడే మేం ఈ పాఠంలోకెల్లా రుచైన చోటికి వచ్చాం. య″ + 9య = 6 కాస్ 3క. రాపిడి లేదు. కుడివైపు కాస్ ఉంది గనుక అన్నదమ్ములిద్దర్నీ పిలిచి య = నీ సైన్ 3క + పీ కాస్ 3క అనుకుంది. సమీకరణంలో పెట్టింది. ఎడమవైపు అంతా కొట్టుకుపోయి సున్నా మిగిలింది. సున్నా = 6 కాస్ 3క! ఎందుకంటే సైన్ 3క, కాస్ 3క ఈ వస్తువు సొంత ఊపే. వాటిని లోపల పెడితే వస్తువు తన ఇంటివాళ్ళే అనుకుని ఊరుకుంటుంది. బయటివాడి ఒత్తిడికి జవాబు చెప్పదు.

అప్పుడు ఊహను పారెయ్యనక్కర్లేదు, కాలంతో గుణించాలి. య = క(నీ సైన్ 3క + పీ కాస్ 3క). తెచ్చి పెడితే కాలం ఉన్న ముక్కలన్నీ రద్దయి 6నీ కాస్ 3క – 6పీ సైన్ 3క మిగులుతుంది. నీ = 1, పీ = 0. య = క సైన్ 3క. ఆమె బట్టీ పట్టిన ‘పైన ఎక్స్ రాయి’ ఇదే. ఆ ఎక్స్ ఎక్కడిదో ఇప్పుడు కంటికి కనిపించింది. ఊపు కాలంతోపాటు పెరుగుతూ పోతోంది.

చింతకొమ్మకు కట్టిన ఉయ్యాలను ఎవరు ఊపినా ఇదే చేస్తారు. ఉయ్యాలకు తనదైన లయ ఒకటుంది. ఆ లయకు సరిగ్గా తోస్తే చిన్నపిల్ల చేయి కూడా పెద్దమనిషిని పైకి లేపుతుంది. లయ తప్పి తోస్తే పహిల్వాను తోసినా అక్కడే ఊగులాడుతుంది. బట్టలుతికే మిషను నీళ్ళు పిండేటప్పుడు వేగం అందుకుంటూ ఒకచోట దడదడలాడి, ఆ వేగం దాటగానే సద్దుమణగడం చూసే ఉంటారు. దాని సొంత లయను దాటి పోతున్న క్షణమది. దీన్ని అనునాదం అంటారు. 1739లో ఆయిలర్ ఈ లెక్కే చేసి, ఊపు అంతు లేకుండా పెరగడం చూశాడు. నిజం వస్తువులకు ఎంతో కొంత రాపిడి ఉంటుంది గనుక ఒక హద్దులో ఆగుతుంది, లేదా విరుగుతుంది.

ఇక్కడ చాలా పుస్తకాలు అమెరికాలో 1940 నవంబరు 7న కూలిన టకోమా వంతెన బొమ్మ వేస్తాయి. ఆ ఉదాహరణ నాకు నచ్చదు. ఆనాటి గాలి లయగా తొయ్యలేదు, ఒకే తీరున వీచింది. వంతెన కదలికే గాలినుంచి శక్తి లాక్కుంటూ పెరిగింది. బిల్లా, స్కాన్లన్ అనే ఇద్దరు 1991లో ఈ సంగతి వివరంగా రాశారు. అయినా బొమ్మ గొప్పగా ఉందని పాఠ్యపుస్తకాలు దాన్ని వదలడం లేదు. ఉయ్యాల చాలదా?

మాటల సంగతి కూడా చెప్పాలి. అవకలనం, సమాకలనం, అనునాదం – ఇలాంటి మాటలు 1968లో ఏర్పడిన తెలుగు అకాడమీ పుస్తకాలు చదివినవాళ్ళకు మామూలే. మా వైపు ఆ పుస్తకాలు చూసినవాళ్ళు తక్కువ. మొదట్లో ఆ అమ్మాయి ‘అవకలనం’ అంటే నవ్వేది. కన్నడంలో అవకల సమీకరణ అంటారనీ, తమిళంలో వగైక్కెళు సమన్బాడు అంటారనీ చెప్పాను. తమిళం మాట ఆమెకు వెంటనే తెలిసింది, ప్లస్ టూలో పక్క తరగతి పిల్లలు అదే చదివారట. నోటుపుస్తకంలో ఎడమ అంచున మూడు భాషల మాటలూ వరసగా రాసుకుంది. లెక్క మాత్రం నీ, పీలతోనే చేసేది. పరీక్షలో అలా రాస్తే దిద్దేవాళ్ళు ఏమనుకుంటారోనని నేనే చివరి వారం ఇంగ్లీషు అక్షరాలు అలవాటు చేయించాను.

నవంబరులో పరీక్ష రాసి నేరుగా మా ఇంటికి వచ్చింది. “కడపటి లెక్కలో సున్నా వచ్చింది సార్. ఇంట్లోవాళ్ళని బయట వెతుకుతా ఉన్నానని నవ్వొచ్చింది. కాలం పెట్టి గుణించినా. మళ్ళీ సున్నానే వచ్చింది.”

“అయ్యో, మరి?”

“ఇంకొకసారి గుణించినా.”

నేను ఆ మెలిక ఆమెకు చెప్పి ఉండలేదు. పూరక భాగంలో ఒకే మూలం రెండుసార్లు వస్తే కాలం వర్గంతో గుణించాలి. సూత్రంగా చెప్పి బట్టీ పట్టించడం ఇష్టం లేక ఊరుకున్నాను. తనంతట తనే అక్కడికి చేరింది.

ఫలితాలు వచ్చాయి. పేపరు గట్టెక్కింది. మార్కులు గొప్పవి కావు, అడిగితే చెప్పడానికి ఇబ్బంది పడింది. బెంగుళూరులో చేరింది. శనివారం రాత్రి బస్సుకు ఇంటికి వస్తుంది. మొన్న వచ్చినప్పుడు తమ్ముణ్ణి పంపిస్తానంది. వాడికి లాప్లాస్ పరివర్తనం ఎక్కడం లేదట. వాడు ఒకటో తరగతి నుంచీ ఇంగ్లీషు మాధ్యమమే.

“తెలుగులో చెప్తే వాడికి అర్థమవుతుందా అమ్మా?” అన్నాను.

“మా అమ్మ తిట్టేదంతా తెలుగులోనే కదా సార్. ఒక్క మాట పోకుండా అర్థమవుతుంది వానికి.”

ఆదివారం తొమ్మిదింటికి రమ్మన్నాను. సుద్దముక్కలు అయిపోయాయి, తెప్పించాలి.